రెండు తలల జలాంతర్గామి

ముందే ఒప్పుకుంటున్నాను, తప్పు నాది. మా చిన్నాయన ఎంత తన మీద వేసుకున్నా సరే. ముప్పై ఏళ్లు పాలిటెక్నిక్‌లో మెషిన్ డ్రాయింగ్ చెప్పిన మనిషినై ఉండి, రెండు కాగితాల బొమ్మలో ఆయనకు ఒకటే ఇచ్చి చేతులు దులుపుకున్నాను. రెండోది కరెంటు బిల్లుతో పాటు నా హ్యాండ్‌బ్యాగులోనే ఉండిపోయింది. ఆ ఒక్క కాగితం మమ్మల్ని జర్మనీలో ఒక సముద్రపు ఒడ్డు దాకా తీసుకుపోయింది కాబట్టి, పోనివాళ్ల కోసం చెప్తున్నాను.

కొత్తవాడ

రెండేళ్ల కింద హెల్గా అనే జర్మన్ ముసలామె ములుగు దిక్కు రామప్ప గుడి చూసి, తిరిగి వస్తూ మా నేతవాళ్ల వాడ కొత్తవాడలో ఆగింది. ఎనభైకి దగ్గర పడిన మనిషి. మా చిన్నాయన ఓదెలు గుంతమగ్గం మీద జంపఖానా నేస్తుంటే స్టూలు వేసుకుని రెండు గంటలు కదలకుండా చూసింది. నేను పుట్టిపెరిగిన ఇల్లే అది, ఇంగ్లీషు తెలిసినదాన్ని నేనే కాబట్టి మధ్యన మాట చెప్పింది నేనే. లాబో అనే చిన్న ఊళ్లో సముద్రపు ఒడ్డున ఉంటుందట. కిటికీ తీస్తే ఇసుకలో నిలబెట్టిన పాత యుద్ధకాలపు జలాంతర్గామి కనపడుతుందట. దాని బొమ్మతో ఒక జంపఖానా కావాలంది.

తర్వాత ఆమె నా ఫోనుకు బొమ్మ పంపింది. పక్క నుంచి చూసినట్టు గీసిన పొడుగాటి బొమ్మ. జిరాక్స్ షాపతను ఒక కాగితంలో పట్టదని రెండింటి మీద తీశాడు. తల నుంచి నడుమ దాకా ఒకటి, నడుమ నుంచి తోక దాకా ఇంకొకటి. మొదటిది చిన్నాయన చేతిలో పెట్టాను. రెండోది ఏమైందో పైన చెప్పాను.

మరి ఆయన అడగొద్దా? అడగడు. మా ఇంట్లో నమూనా ఎప్పుడూ సగమే ఉంటుంది. అంచు నుంచి నడుమ దాకా నేస్తారు, అక్కడి నుంచి అదే బొమ్మను తిప్పి నేసుకుంటూ రెండో అంచుకు వస్తారు. మొదటి సగాన్ని మా వాళ్లు ‘పోవుడు’ అంటారు, రెండో సగాన్ని ‘వచ్చుడు’ అంటారు. నెమలి అయినా, పువ్వు అయినా, కోట తోరణం అయినా అంతే.

ప్రయాణానికి రెండు రోజుల ముందు, మూట కట్టడానికి పరిస్తే చూశాను. నడుమ బురుజు లాంటి గది బాగుంది. ఇటు తల, అటు కూడా తలే. తోక లేదు, పంకాలు లేవు, చుక్కాని లేదు.

“చిన్నాయనా, ఇది ఎటు పోతది?” అన్నాను.

“ఎటన్న పోతది. ఎందుకు?”

నేను బ్యాగు దులిపి రెండో కాగితం తీసి చూపించాను. ఆయన కళ్లద్దాలు సర్దుకుని దాన్ని చాలాసేపు చూశాడు.

“నువ్వు సగం ఇచ్చినవంటే మిగిలింది నా చేతిల ఉన్నట్టే గదా బిడ్డా,” అన్నాడు. తిట్టినా బాగుండేది.

మళ్లీ నేయాలంటే నెలన్నర. హాంబర్గ్‌లో చేనేత ప్రదర్శనకు మమ్మల్ని పిలిచారు, టికెట్లు కూడా కొనేశారు, అక్కడి నుంచి వచ్చి జంపఖానా ఇస్తామని హెల్గాకు చెప్పేశాం. యాభై ఏళ్లలో ఓదెలు నేసినది ఒక్కటి వాపసు రాలేదని వాడకట్టంతా తెలుసు. ఆయన కొడుకు రవి ఏడాదిగా మగ్గం గుంత పూడ్చి సిమెంటు చేయిస్తే తన బండి వానకు తడవకుండా ఉంటుందని పోరుతున్నాడు. ఆ పూట చిన్నాయన రవిని పిలిచి నా ముందే అన్నాడు.

“ఆమె గిది వాపస్ ఇచ్చిందనుకో, వచ్చిన తెల్లారే గుంత పూడుస్త. నీ బండి వెట్టుకో. నాకు కండ్లు పోయినయన్నట్టే.”

రవి ముఖంలో సంతోషం దాచుకోవడం రాలేదు. నేను మగ్గం వైపు చూశాను. ఆ గుంతలో కాళ్లు పెట్టుకునే కదా మా బాపు నన్ను చదివించింది.

హాంబర్గ్

మూడు రోజులు ప్రదర్శన. ఆ హాలు చల్లగా, శుభ్రంగా ఉంది. మా జంపఖానాలన్నీ గోడలకు వేలాడదీశారు. వచ్చినవాళ్లు రెండు వేళ్లతో ముట్టుకుని, మెచ్చుకుని, పక్కకు జరిగిపోతున్నారు.

“గోడకెక్కిచ్చిండ్రు. కూసునేటోడేడి?” అన్నాడు చిన్నాయన. రెండో రోజు ఊరుకోలేక ఒకటి కిందికి దింపి, పరిచి, దాని మీద బాసింపట్టు వేసుకుని కూర్చున్నాడు. నలుగురు చేరి ఫోటోలు తీసుకున్నారు తప్ప ఒక్కరూ పక్కన కూర్చోలేదు.

మా దగ్గర జంపఖానా మీద ఎవరన్నా కూర్చుంటేనే అది పుట్టినట్టు లెక్క. చిన్నప్పుడు మేం దెబ్బలు తిన్నది ఒక్క పనికే, కూర్చున్న మనిషి కింది నుంచి జంపఖానా గుంజినందుకు. అది మనిషిని లెమ్మని మెడపట్టినట్టే అంటారు. ఒకసారి పెళ్లి అయిపోయాక టెంటు సామాన్లవాడు జంపఖానాలు తీసుకుపోవడానికి వస్తే, ఒక తాత ఒకదాని మీద కూర్చుని కునుకుతున్నాడు. ఆ సామాన్లవాడు గంటసేపు బీడీ తాగుతూ ఆయన లేచేదాకా ఆగాడు. చిన్నాయన ఈ కథ అక్కడున్న ఒక జర్మన్ అమ్మాయికి నా చేత చెప్పించాడు. ఆమె మర్యాదగా నవ్వి, వేలాడుతున్నదాన్ని సరిచేసి వెళ్లింది.

ఆ ఊళ్లో నాకు వింతగా తోచింది రెండు. ఒకటి, రోడ్డు మీద కనుచూపు మేరలో బండి లేకున్నా ఎర్రలైటు ఉంటే జనం నిలబడే ఉంటారు. మన హన్మకొండ చౌరస్తాలో అట్లా నిలబడితే ఏమైంది, సుస్తీ చేసిందా అని అడుగుతారు. రెండోది, స్టేషన్లో ఒకటికి పోవడానికి ఒక యూరో.

“వంద రూపాలా? ఆపుకుంట,” అన్నాడు చిన్నాయన. నిజంగానే హోటలు దాకా ఆపుకున్నాడు.

తిండికి మాత్రం బెంగ పడలేదు. వాళ్లు పెట్టే ఉడికిన ఆలుగడ్డలకు మా పిన్ని కట్టిచ్చిన మామిడికాయ తొక్కు కలిపితే ఏ దేశమైనా మన దేశమే.

కీల్ దాకా రైలు

నాలుగో రోజు పొద్దున కీల్ రైలెక్కాం. గంటంబావు ప్రయాణం. జంపఖానా చుట్టకు పాలిథిన్ కప్పి చిన్నాయన భుజం మీద వేసుకున్నాడు. తలుపులో అడ్డం పడి ఇరుక్కుంటే వెనకున్న నలుగురు కిక్కురుమనకుండా ఆగారు. మన దగ్గర ఈపాటికి పది సలహాలు వచ్చేవి. టికెట్లు చూసే ఆమె వచ్చి, చుట్టను సామాన్ల అరలో పెట్టమని మెల్లగా చెప్పింది. చిన్నాయనకు అర్థమైంది, కానీ చంటిపిల్లను పట్టుకున్నట్టు ఇంకా గట్టిగా పట్టుకున్నాడు. ఆమె ఆయన ముఖం చూసి వెళ్లిపోయింది.

రైల్లో ఎవరూ మాట్లాడరు. చిన్నాయన మామూలుగా మాట్లాడినా పెట్టెంతా వినపడుతోంది.

“ఏమని చెప్తవు ఆమెకు?” అన్నాడు.

“నా తప్పని చెప్తా.”

“అట్ల చెప్పకు. నేసినోన్ని నేను. నువ్వు నా మాట ఆమె మాటల చెప్పు, అంతే. ముందుగాల ఆ పడవను నాకు సూపియ్యి. దాని తోక సూసి, కొలత దీసుకుంట. రెండు నెలలల్ల మంచిది నేసి పంపుతనని చెప్తె, మర్యాద దక్కుతదేమో.”

“దక్కుతది చిన్నాయనా.”

“నీకేం తెలుసు,” అని కిటికీ వైపు తిరిగాడు.

కీల్ నుంచి పడవ మీద లాబో. సన్నటి తుంపర, ఎండాకాలం అంటారు గానీ మన పుష్యమాసం చలి.

లాబో ఒడ్డు

హెల్గా నాలుగు గంటలకు ఇంటికి రమ్మంది. మేం పదకొండింటికే దిగాం. ఒడ్డున ఒక బండిలో చేపల బన్ను అమ్ముతున్నారు. ఐదు యూరోలు, అంటే మన ఐదువందల పైమాటే. బన్ను కోసి, మధ్యలో ఉప్పులో ఊరబెట్టిన చేప, పచ్చి ఉల్లిగడ్డ ముక్కలు.

“ఉడకబెట్టుడు మర్సిపోయిండ్రా?” అన్నాడు చిన్నాయన. మొదటిది ముక్కు మూసుకుని తిన్నాడు. రెండోది తొక్కు వేసుకుని తిన్నాడు. మూడోది అడిగితే నేనే వద్దన్నాను.

బన్ను తింటూనే తల ఎత్తితే ఎదురుగా జలాంతర్గామి ఉంది. నీళ్లలో కాదు, ఇసుక మీద సిమెంటు దిమ్మెల మీద కూర్చుని ఉంది. అరవై ఏడు మీటర్ల పొడుగు. బొమ్మలో నేను చూసింది ఒక గీత, ఇక్కడ ఉన్నది బూడిదరంగు ఇనుప గోడ. చిన్నాయన చుట్టను నాకు అప్పగించి నేరుగా తోక దగ్గరికి పోయాడు. అక్కడ రెండు పంకాలు, వాటి వెనక రెండు చుక్కానులు. తుంపరలో టోపీ లేకుండా నిలబడి వాటినే చూశాడు.

“గిట్లుంటదా తోక,” అన్నాడు.

పడవ కడుపులో

వెనక పక్క గోడకు కోసిన తలుపులోంచి లోపలికి పంపుతారు. ఇక్కడ నాలోని లెక్చరర్ నిద్ర లేచింది, క్షమించాలి.

పేరుకు జలాంతర్గామి గానీ దీని బతుకు ఎక్కువగా నీళ్ల పైనే గడిచింది. రెండు పెద్ద డీజిల్ ఇంజన్లు. డీజిల్ మండాలంటే గాలి కావాలి, గాలి నీళ్ల కింద ఎక్కడిది? అందుకని మునిగినప్పుడు బ్యాటరీలతో తిరిగే మోటార్లు. కాళ్ల కింది ఇనుప పలకల అడుగునంతా బ్యాటరీలే. కింద మెల్లగా పోవాలి, జోరుగా పోతే గంటా రెండు గంటల్లో బ్యాటరీ అయిపోతుంది, మళ్లీ పైకి రావాలి. పైకి వస్తే విమానాలు కాచుకుని ఉంటాయి. నేను ముప్పై ఏళ్లు ఇంజన్ల గురించి చెప్పాను గానీ, ఇంజను ఊపిరికి ఇన్ని ప్రాణాలు ముడిపెట్టడం ఎన్నడూ చూడలేదు.

ఒక గది నుంచి ఇంకో గదికి గుండ్రటి కంత, బావి ఒరలో దూరినట్టు దూరాలి. మొదటి కంతలోనే చిన్నాయన నెత్తి ఠంగుమంది. మా వెనకున్న పిల్లల గుంపు నవ్వు ఆపుకోలేకపోయింది. ఇంత లోపల దాదాపు యాభై మంది. ఒకడు డ్యూటీకి లేస్తే ఆ పరుపు చల్లారకముందే ఇంకొకడు పడుకోవాలి. వంటగది మన పూజగూడు కన్నా జర పెద్దది. ఉన్న రెండు మరుగుదొడ్లలో ఒకదాన్ని మొదట్లో తిండి సామాన్లతో నింపేవాళ్లట. స్నానం లేదు.

“యాభై మంది గిండ్ల ఎట్ల పన్నరు బిడ్డా?” అన్నాడు చిన్నాయన. “మగ్గం గుంతల కాళ్లే వెడతం. ఈళ్లు మనుషులనే వెట్టిండ్రు.”

ముందు గదికి వచ్చాం. టార్పెడోలు విడిచే గొట్టాలు నాలుగు. ఆయన వేళ్లతో లెక్కపెట్టాడు.

“ఎనుక?”

“ఒకటే ఉండె, చూసినం గదా.”

“నేను ఇటు నాలుగు, అటు నాలుగు వెట్టిన,” అన్నాడు. తర్వాత జేబులోంచి నూలు దారం తీసి, గొట్టం మూతకు ఆనించి, ముడి వేయడం మొదలుపెట్టాడు. మా ఇంట్లో టేపు వాడరు. దారం, ముడి, మూర, జాన.

అక్కడ కాపలా ఉన్న పెద్దాయన వెంటనే వచ్చాడు. తాకొద్దని చేత్తో సైగ చేశాడు. నేను ఇంగ్లీషులో కథంతా చెప్పాను, రెండు తలలతో సహా. ఆయన విని, చిన్నాయనను పైనుంచి కిందికి చూసి, దారం రెండో కొస తన చేతిలోకి తీసుకున్నాడు. అట్లా ఇద్దరు ముసలివాళ్లు ఆ ఇరుకులో ఏమీ తాకకుండా గాలిలోనే దారం పట్టి కొలతలు తీశారు.

ఆ పెద్దాయనే దీని కథ చెప్పాడు. హాంబర్గ్‌లో కట్టారట, అంటే మేం బయలుదేరిన ఊళ్లోనే. నార్వే పైభాగాన మంచు సముద్రంలో, రష్యాకు సామాన్లు మోసే ఓడలను ముంచడానికి తిప్పారు. యుద్ధం ముగిసేసరికి నార్వేలో రిపేరులో ఉంది. నార్వే వాళ్లు పేరు మార్చి వాళ్ల నౌకాదళంలో ఏళ్ల తరబడి వాడుకున్నారు. పాతబడ్డాక తిరిగి జర్మనీకి వచ్చి, ఈ ఇసుక ఎక్కింది.

“ఇసుమంటి పడవలల్ల పోయినోళ్లు ఎంతమంది తిరిగచ్చిండ్రో అడుగు,” అన్నాడు చిన్నాయన.

అడిగాను. నలుగురు పోతే ముగ్గురు రాలేదట. “వాళ్లు ముంచిన ఓడల్లోని మనుషులు ఆ లెక్కలో లేరు,” అని కూడా అన్నాడు పెద్దాయన. “అది మేం ఇక్కడ ప్రతి బడి గుంపుకూ చెప్తాం.”

చిన్నాయన దారం చుట్టి జేబులో పెట్టుకున్నాడు. బయట తోక దగ్గర మళ్లీ తీసి, పంకాలకు, చుక్కానులకు కూడా ముడులు వేసుకున్నాడు.

హెల్గా ఇల్లు

సరిగ్గా నాలుగింటికి తలుపు తట్టాం. హెల్గా చేతికర్ర పట్టుకుని ఎదురొచ్చి చిన్నాయన చేతిని రెండు చేతులతో పట్టుకుంది. ప్లమ్ పళ్ల కేకు, కాఫీ పెట్టింది. గోడ మీద నావికుల టోపీ పెట్టుకున్న కుర్రవాడి ఫోటో ఉంది. నేను దాన్ని చూడటం గమనించి చెప్పింది.

“మా నాన్న. సరిగ్గా అట్లాంటి పడవలోనే పోయాడు. నాకు అప్పటికి ఏడాది నిండలేదు. పడవ ఎక్కడ మునిగిందో కూడా తెలియదు. ఆయన ఎవరికోసం పోయాడో, ఇంకెంతమంది పిల్లల నాన్నలను ముంచడానికి పోయాడో నాకు తెలుసు, అందుకని వీరుడని చెప్పుకోను. కానీ కిటికీ తీసినప్పుడల్లా చూస్తాను.”

కొత్తవాడలో ఈ సంగతి ఆమె చెప్పలేదు. నేను చిన్నాయనకు చెప్పాను. ఆయన కాఫీ కప్పు కింద పెట్టేశాడు. ఇన్నాళ్లూ ఒక బొమ్మ తప్పు పోయిందని భయపడ్డాం. ఇప్పుడు ఒకరి తండ్రి పడవను తప్పు నేశామని తెలిసింది. నాకు లేచి పారిపోవాలనిపించింది.

చిన్నాయన లేచాడు. బల్ల జరిపి, చుట్ట విప్పి, కిటికీ ముందు పరిచాడు. నీలం నేల మీద బూడిదరంగు పడవ, ఇటొక తల, అటొక తల. హెల్గా చూసింది. కిటికీ బయటికి చూసింది. మళ్లీ కిందికి చూసింది.

“తప్పైంది తల్లీ,” అని చిన్నాయన చేతులు జోడించాడు. “సరోజనా, చెప్పు. మా దగ్గర సగమే గీస్తరని చెప్పు. మొదటి సగం పోవుడు, రెండోది వచ్చుడు. నా చేతికి పోవుడే వచ్చింది. వచ్చుడు నేనే అలవాటుల నేసిన. కొలత దీసుకున్న, మంచిది నేసి పంపుత, గిది తీస్కపోత.”

నేను ఒక్కొక్క మాటా ఇంగ్లీషు చేశాను. పోవుడును ‘పోవడం’ అని, వచ్చుడును ‘తిరిగి రావడం’ అని చెప్పాను. నేను చెప్తున్నది ఏమిటో నాకు అప్పుడే తెలిసింది.

హెల్గా చేతికర్ర కుర్చీకి ఆనించింది. చెప్పులు విడిచింది. కుర్చీ చెయ్యి పట్టుకుని, మెల్లగా, మోకాళ్లు ఒక్కొక్కటే వంచుతూ, జంపఖానా నడుమ కూర్చుంది. నేను పట్టుకోబోతే వద్దంది. రెండో తల మీద అరచెయ్యి పెట్టింది.

“తిరిగి రావడం ఇదా?” అని అడిగింది.

“అవును,” అన్నాను.

ఆమె ఏడ్చింది. చప్పుడు లేకుండా, చెయ్యి తీయకుండా ఏడ్చింది. నేనూ ఏడ్చాను, సిగ్గు పడను.

చిన్నాయన జేబులోంచి తీసిన దారం ఉండ చేతిలో పట్టుకుని నిలబడ్డాడు.

“మంచిది పంపుతనని చెప్పు బిడ్డా. గిది తప్పుది.”

చెప్పాను. హెల్గా తల అడ్డంగా ఊపింది. “సరైనది అదిగో ఇసుకలో ఉంది. ఎనిమిది పదులు దాటిన దాన్ని, చిన్నప్పటి నుంచి సరైనదే తెలుసు నాకు. ఇది ఇక్కడే ఉంటుంది.”

“ఇయ్యదట,” అన్నాను.

“ఇయ్యకుంటె ఎట్ల? తప్పు పని ఇచ్చిపోతె నా పేరేంగావాలె?”

“అయితే నువ్వే గుంజుకో.”

చిన్నాయన నా వైపు కోపంగా చూశాడు. ఆమె వైపు చూశాడు. ఆమె కాళ్లు చాపుకుంది కూడా.

“కూసున్న మనిషి కింది నుంచి గుంజుతమా?” అన్నాడు. ఓడిపోయిన గొంతు అది. తానూ చెప్పులు విడిచి, అంచు మీద, మొదటి తల దగ్గర, బాసింపట్టు వేసుకుని కూర్చున్నాడు. ఈ దేశంలో ఆయన పక్కన కింద కూర్చున్న మొదటి మనిషి హెల్గానే. నేను కేకు పళ్లెం కిందికి తెచ్చాను.

మళ్లీ కొత్తవాడ

వచ్చి మూడు నెలలైంది. ముడుల దారం మగ్గం గుంజకు వేలాడుతోంది. చిన్నాయన ఇప్పుడు తోక ఉన్న పడవ నేస్తున్నాడు, ఎవరూ అడగకున్నా. చెయ్యికి నేర్పాలట. రెండో కాగితం నేనే పోయి చేతిలో పెట్టాను.

“రెండేనా?” అన్నాడు. “మూడోది నీ బ్యాగుల లేదు గదా?”

నిన్న వాన పడింది. రవి బండి మీద పాలిథిన్ కప్పుకుంటూ గొణుగుతున్నాడు. కీల్ రైల్లో జంపఖానాకు కప్పిన పాలిథినే అది. లోపల గుంతలోంచి చిన్నాయన అరిచాడు.

“జర అంచులు సక్కగ కప్పురా, బండి తడుస్తాంది.”